పరసీమ నుండి వచ్చి మన చరిత్ర వ్రాసిన పండితుడు
(హెచ్‌ఎస్‌ఆర్ లేఅవుట్ తెలుగువారి సమావేశమున చేసిన ప్రసంగము)



తరతరములుగా కన్నడసీమలో నివసించుచున్న మనము స్మరింపదగిన పండితులొకరు కలరు. ఆయన హారూన్ ఖాన్ షేర్వానీగారు. 1891లో ఉత్తర హిందూస్థానమున జన్మించి, 1918లో ఉస్మానియా విశ్వవిద్యాలయము ప్రారంభమైన కొద్దికాలమునకే హైదరాబాదు చేరి, అచ్చట చరిత్ర బోధించిరి.

ఇస్లామీయ రాజనీతిని పరిశోధించిన ఆయన, తాము కాపురమున్న దక్కను చరిత్రనే జీవితకార్యముగా గైకొనిరి. 1942లో మహమూద్ గవానును గూర్చియు, 1953లో బహమనీలను గూర్చియు, 1974లో కుతుబ్‌షాహీలను గూర్చియు గ్రంథములు ప్రకటించిరి. 1969లో పద్మభూషణ పురస్కారము నందిరి.

గవానును పరదేశియే. ఇరాను నుండి వచ్చి బహమనీల మంత్రియై, 1472లో బీదరున విద్యాలయము కట్టించెను. 1481లో శత్రువులు కల్పించిన కూటలేఖను నమ్మి సుల్తాను ఆయనను చంపించెను. పాతకాగితము నందలి సత్యాసత్యములు తేల్చు పండితుని విలువ ఇందుచే తెలియగలదు.

గోలకొండ ఇబ్రహీం కుతుబ్‌షాకు అద్దంకి గంగాధరకవి తపతీసంవరణోపాఖ్యానము నంకితమిచ్చెను. అట్టి తెలుగు కవులకును షేర్వానీగారు తమ చరిత్రలో స్థానమిచ్చిరి.

మరి మన సంగతి యేమి? అగర చెరువు చుట్టుపట్ల పాత యిండ్లు పడగొట్టునపుడు తాతల పెట్టెలలోని దస్తావేజులు, జాబులు, జమాఖర్చు పుస్తకములు చిత్తుకాగితములలో కలియుచున్నవి. తెలుగు చదువరాని పిల్లలకు అవి వట్టి కాగితములే. వానిని పారవేయకుడు, ముందుగా మాకు చూపుడు. పిల్లలకు మన అక్షరములు నేర్పుడు. పరసీమవారు మన రాజ్యముల చరిత్ర వెదకి వ్రాసిరి. మన యింటి కాగితమును మనము చదువుకొనలేమా?