పట్టుబడిన ట్రాక్టరును విడిపించుకోవడం



తొలకరి పడింది, మడులు దమ్ముకు వచ్చాయి. ఆ అదనులో ట్రాక్టరు వెళ్ళి పోలీసు స్టేషను ఆవరణలో వానకు తడుస్తూ నిలబడితే రైతు సంగతి ఏం కావాలి? అదను ఆగదు, బ్యాంకు వాయిదా అంతకంటే ఆగదు. ఈ కంగారులోనే కొందరు దళారుల చేతిలో డబ్బు పోస్తూ వుంటారు. అక్కరలేదు. దీనికి చట్టంలో దారి వుంది.

ముందు తెలుసుకోవలసినది, బండి పట్టుకున్నది ఎవరు, ఏ చట్టం క్రింద అని. కాగితాలు లేవని ఆపితే, సరైన కాగితాలు చూపి, జరిమానా వుంటే కట్టి తెచ్చుకోవచ్చు. ప్రమాదం కేసయితే మోటారు వాహనాల ఇన్‌స్పెక్టరు తనిఖీ కావాలి. అడవి కలప, సారా కేసులలో మాత్రం జప్తు అధికారం ఆయా శాఖల అధికారులకు వున్నది. అక్కడ మేజిస్ట్రేటు కోర్టు చుట్టూ తిరిగితే కాలం వృథా కావచ్చు. ఇసుక కేసులకు గనుల చట్టం వేరే వుంది. అందుచేత ఎఫ్.ఐ.ఆర్. నకలు, పంచనామా నకలు చేతికి వచ్చేదాకా ఎవరి మాటా నమ్మకండి.

మామూలు పోలీసు కేసులో దరఖాస్తు ఆ ప్రాంతపు మేజిస్ట్రేటు కోర్టులో పెట్టుకోవాలి. 2024 జూలై 1 నుంచి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో భారతీయ నాగరిక సురక్షా సంహిత వచ్చింది. పాత 451, 457 సెక్షన్లు యిప్పుడు 497, 503 అయినవి. కోర్టు ముందుకు వచ్చిన సొత్తుకు 14 రోజులలో వివరపట్టిక వ్రాయించి, ఫోటోలు తీయించి, ఆపైన 30 రోజులలో దాని సంగతి తేల్చాలని కొత్త చట్టం అంటున్నది. బండ్లను స్టేషన్లలో ఏళ్ళ తరబడి వుంచి లాభం లేదని, తగిన పూచీ తీసుకుని యిచ్చివేయాలని సుప్రీంకోర్టు 2002లోనే సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో చెప్పింది. మీ వకీలుకు యీ మాట తెలిసే వుంటుంది. అయినా గుర్తు చెయ్యండి, తప్పులేదు.

దరఖాస్తుతో ఆర్.సి., ఇన్సూరెన్సు, ఆధార్ నకళ్ళు జతపరచాలి. ఇక్కడే చాలామందికి చిక్కు వస్తుంది. బండి కొని నాలుగేళ్ళయినా ఆర్.సి. పాత యజమాని పేరనే వుంటుంది! కోర్టు చూసేది రికార్డులో వున్న పేరు. అప్పుడు అమ్మిన ఆసామిని బ్రతిమాలి కోర్టుకు తెచ్చుకోవాలి. ఆయన రాకపోతే ఏం చేస్తారు? కొన్ననాడే పేరు మార్పించుకోండి. ప్రమాదం నాటికి ఇన్సూరెన్సు లేకపోతే, నష్టపరిహారానికి హామీ చూపితేగాని బండి కదలకపోవచ్చు.

కోర్టు వదిలేటప్పుడు బాండు, పూచీదారులను అడుగుతుంది. అమ్మకూడదు, రంగు, రూపు మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపాలి అని షరతులు పెడుతుంది. కేసు తేలేదాకా అవి పాటించాలి.

ఆర్డరు పట్టుకుని స్టేషనుకు వెళ్ళినప్పుడు మెకానిక్కును వెంట తీసుకువెళ్ళండి. బ్యాటరీ, టైర్లు, పనిముట్లు పంచనామాలో వ్రాసినట్లే వున్నవో లేదో చూసుకుని, ఆ తరువాతనే రసీదు మీద సంతకం చెయ్యండి.