ఇంటి అప్పు – దాని నిజమైన వెల

(ఉద్దనపల్లి ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఉగాది నాడు సాహిత్యమును గురించి, పద్యములను గురించి ప్రసంగించగల పెద్దలు మన సంఘములో ఎందరో ఉన్నారు. మేము మెట్రిక్యులేషను వరకు చదువుకొని, రైల్వేలో గుమాస్తా పని చేసుకొనేవారము. మాకు తెలిసినవి కూడికలు, తీసివేతలు. కనుక కార్యదర్శిగారు మమ్ములను కూడ నాలుగు మాటలు చెప్పుమన్నప్పుడు, ఈ రోజులలో మన ఇండ్లలో అందరికీ తగులుతున్న ఒక లెక్కనే ఎంచుకొన్నాము. అది ఇంటి అప్పు.

ఇంతకు మునుపే పంచాంగ శ్రవణము జరిగినది. మన రాశికి ఆదాయమెంత, వ్యయమెంత అని అందరమూ చెవి ఒగ్గి విన్నాము. ఆదాయము 2, వ్యయము 8 అని వినగానే ముఖము చిన్నబుచ్చుకొన్నవారు కూడ ఉన్నారు. అదే మనము, అప్పు ఇచ్చేవారి కాగితములో వచ్చేది 10 లక్షలు, పోయేది 20 లక్షలు అని అచ్చు వేసి ఉన్నా, చదువకుండానే చేవ్రాలు చేసి వస్తున్నాము. పంచాంగమునకు ఇచ్చిన మర్యాద ఆ కాగితమునకు కూడ ఇవ్వవలెనని చెప్పుటయే ఈనాటి మా మనవి.

అప్పు చేసి ఇల్లు కట్టుకోవద్దని చెప్పుటకు మేము రాలేదు. జీతము మీద బ్రతికేవారిలో అప్పు లేకుండా ఇల్లు కట్టగలవారు ఎందరు? మేము చెప్పదలచినది ఒక్కటే. ఇంటి వెల అనేది అమ్మినవాడు చెప్పిన ధర కాదు, నెలనెలా కట్టే వాయిదా కూడ కాదు. ఆఖరి వాయిదా కట్టిన నాటికి మన చేతినుండి పోయిన మొత్తమే దాని వెల.

మన ఉద్దనపల్లినే చూడండి. ఇది రాగి చేలు, ఉలవ చేల సీమ. 1970ల తరువాత హోసూరులో సిప్కాటు పారిశ్రామికవాడ పెరిగినది. 2019 లో హోసూరు కార్పొరేషను అయినది. బెంగుళూరు దగ్గర. దానితో రాయకోట దారి పొడుగునా చేలు సైటులవుతున్నవి. పని కొరకు వచ్చిన మనబోటివారు కూడ ఇక్కడనే ఒక గూడు ఏర్పరచుకోవలెనని ఆశపడుట సహజము. అయితే అమ్మేవారిని వెల అడిగితే వెల చెప్పరు. “నెలకు ఎనిమిది వేల చిల్లర కట్టుకోండి, చాలు” అంటారు. రైలు టిక్కెట్టు అడిగినవానికి మేము “కిలోమీటరుకు ఇన్ని పైసలు” అని చెప్పి పంపితే ఊరుకొంటారా? దిగే స్టేషను వరకు మొత్తమెంత అని అడుగుతారు. ఇంటి విషయములో కూడ అదే అడగవలెను.

ఇక లెక్కలోనికి వస్తాము. అప్పు 10 లక్షలు, వడ్డీ నూటికి ఏడాదికి 8.5 అనుకొందాము. 20 ఏండ్లకు తీసుకొంటే నెల వాయిదా 8,678 రూపాయలు. 240 వాయిదాలు కలిపితే 20,82,775 రూపాయలు. అనగా అసలు 10 లక్షలు, వడ్డీ 10 లక్షల 82 వేల చిల్లర. వడ్డీ అసలును మించినది.

అదే అప్పును 15 ఏండ్లకు తీసుకొంటే వాయిదా 9,847 రూపాయలు, మొత్తము 17,72,500 చిల్లర. నెలకు 1,169 రూపాయలు ఎక్కువ కట్టినందుకు 3 లక్షల 10 వేలు మిగులుతున్నవి. 30 ఏండ్లకు సాగదీస్తే వాయిదా 7,689 రూపాయలకు దిగుతుంది. నెలకు 989 రూపాయలు తగ్గినదని సంతోషిస్తాము. కాని మొత్తము 27 లక్షల 68 వేలకు పోతుంది. ఆ చిన్న సంతోషమునకు వెల 6 లక్షల 85 వేలు!

ఎందువలన ఇట్లు జరుగుతుంది? గూడ్సు షెడ్డు చూచినవారికి డెమరేజి అంటే తెలుసును. సరుకు ఖరీదు వేరు, దించవలసిన వేళకు దించకుండా వ్యాగను నిలుపుకొన్న కాలమునకు కట్టేది వేరు. వడ్డీ కూడ అటువంటిదే. పరుల సొమ్ము మన ఇంట నిలిచినంత కాలము దాని లెక్క పెరుగుతూనే ఉంటుంది. మొదటి నెల కట్టిన 8,678 రూపాయలలో 7,083 రూపాయలు వడ్డీకే పోతవి. అసలులో పడేది 1,595 మాత్రమే. పదేండ్లు తప్పకుండా కట్టి 10 లక్షల 41 వేలు చెల్లించిన తరువాత చూస్తే, బాకీ ఇంకా 7 లక్షలు నిలిచియుంటుంది. సగము బాకీ తీరేది దాదాపు పదునాలుగవ ఏడు ముగిసేనాటికి. అసలు కంటె వడ్డీ ముద్దు అని మనుమలను ఎత్తుకొని తాతలు మురిసిపోతారు. అప్పు ఇచ్చేవారికి ఆ సామెత అక్షరాలా నిజము.

పూర్వము పల్లెలలో భోగ్యపు తనఖా ఉండేది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టములో కూడ దానికి చోటున్నది. అప్పు ఇచ్చినవాడు పొలమును స్వాధీనము చేసుకొని, వడ్డీకి బదులుగా పంటను అనుభవించేవాడు. రైతు గట్టు మీద నిలబడి, తన చేనిలోని రాగి వెన్నులను ఇంకొకరు కోసుకొనిపోవుట కంటితో చూచేవాడు. ఎట్లయినా ఈ భోగ్యము విడిపించుకోవలెనని ఆ బాధే అతనిని తొందరపెట్టేది. ఈనాడు ఇల్లు మన స్వాధీనములోనే ఉన్నది. దస్తావేజులు మాత్రము వారి ఇనప్పెట్టెలో ఉన్నవి. కోత మాత్రము ప్రతి నెలా జీతపు ఖాతాలోనే జరిగిపోతుంది. కంటికి కనబడదు కనుక మనసుకు తగలదు. మేము భయపడేది దీనికే.

అసలుకు రెట్టింపు అనే మాట మన పెద్దలకు కొత్త కాదు. ఒకేసారి రాబట్టే వడ్డీ అసలును మించరాదని ధర్మశాస్త్రములు విధించినవి. మనకు దగ్గరనే ఉన్న తొరపల్లిలో 1878 లో జన్మించిన చక్రవర్తి రాజగోపాలాచారిగారు 1937 లో మద్రాసు రాజధానికి ప్రధానులైనారు. వారి మంత్రివర్గములో రెవెన్యూ శాఖ మన టంగుటూరి ప్రకాశం పంతులుగారిది. ఆ ప్రభుత్వము 1938 లో వ్యవసాయదారుల ఋణ విమోచన చట్టము చేసినది. 1932 అక్టోబరు 1 కి పూర్వము చేసిన అప్పుపై, అసలు పేరిట గాని వడ్డీ పేరిట గాని, రైతు అసలుకు రెట్టింపు అప్పటికే చెల్లించి ఉంటే, ఆ అప్పు పూర్తిగా తీరిపోయినట్లే అని అందులో వ్రాసినారు. ఎన్నో ఏండ్లు నలిగిన రైతుకు ఉపశమనము కలిగించుటకు వారు గీచిన గీటు రెట్టింపు. మనము 20 ఏండ్ల పత్రము మీద చేవ్రాలు చేసిన మొదటినాడే ఆ రెట్టింపునకు ఒప్పుకొంటున్నాము. ఆ చట్టము ఆనాటి రైతుల కొరకు చేసినది, మన ఇంటి అప్పులకు వర్తించదు. కనుక మన గీటు మనమే గీచుకోవలెను.

ఇక్కడ పెద్దలు ఒక ప్రశ్న వేయవచ్చును. “ఇరువది ఏండ్ల తరువాతి రూపాయి ఈనాటి రూపాయి కాదు కదా. జీతము పెరుగుతుంది, స్థలము ధర పెరుగుతుంది, అద్దె మిగులుతుంది” అని. అది న్యాయమైన మాటే. అద్దెలో పోయే సొమ్ము తిరిగి రాదు. అందుచేతనే అప్పు తప్పు అని మేము అనలేదు. అయితే వాయిదా ఈ నెల జీతములోనుంచి కట్టవలెను, పెరుగబోయే జీతములోనుంచి కాదు. పెరిగిన స్థలము ధర ఇల్లు అమ్మితే గాని చేతికి రాదు. ఉండే ఇంటిని ఎవరు అమ్ముకొంటారు? ఇంకొకటి. 90 రోజులు వాయిదా తప్పితే ఆ అప్పు మొండి బాకీల పద్దులోనికి పోతుంది. 2002 నాటి చట్టము ప్రకారము 60 రోజుల నోటీసు ఇచ్చి, కోర్టుకు పోకుండానే ఇంటిని స్వాధీనము చేసుకొనే చర్యకు బ్యాంకుకు అధికారము కలదు. జబ్బు చేసినా, పని పోయినా ఆ 90 రోజులు ఆగవు.

తీర్చే వరుస మారితే ఎంత తేడా వచ్చునో చెప్పుటకు మా ఉద్యోగములోనే ఒక ఉదాహరణ ఉన్నది. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకు గృహ నిర్మాణ అడ్వాన్సు ఉన్నది. 2017 నిబంధనల ప్రకారము దానిని బారువడ్డీ మీద ఇచ్చినారు. మొదట అసలు 180 వాయిదాలకు మించకుండా, ఆ తరువాత వడ్డీ 60 వాయిదాలలో జీతమునుంచి పట్టుకొంటారు. ఆనాటి వడ్డీ కూడ 8.5 శాతమే. 10 లక్షలకు లెక్క వేస్తే మొత్తము సుమారు 16 లక్షల 41 వేలు వస్తుంది. అదే అసలు, అదే శాతము, అవే 20 ఏండ్లు. కాని తేడా 4 లక్షల 41 వేలు! కట్టిన ప్రతి రూపాయి ముందుగా అసలులో పడుట, నిలిచిన వడ్డీ మీద మళ్ళీ వడ్డీ లేకపోవుట, ఇదే దాని కిటుకు. ఈ సదుపాయము అందరికీ ఉండదు. అందులోని నీతి మాత్రము అందరికీ పనికివస్తుంది. అసలు త్వరగా తగ్గితే వడ్డీకి నిలువనీడ ఉండదు.

వడ్డీ శాతము మారుతూ ఉంటుందన్న సంగతి కూడ మరువరాదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వు బ్యాంకు తన రెపో రేటును 4 నుంచి 6.5 శాతమునకు పెంచినది. 7 శాతమునకు 20 ఏండ్లకు 10 లక్షలు తీసుకొన్నవాని వాయిదా 7,753 రూపాయలు. ఒక ఏడు గడిచిన తరువాత వడ్డీ 9.5 అయినదనుకోండి. అప్పటి బాకీ మీద నెల వడ్డీయే 7,728 రూపాయలు. అసలులో పడేది 25 రూపాయలు! అట్టి సమయములో వాయిదా 9,263 కు పెంచుకొంటే మిగిలిన 19 ఏండ్లలోనే తీరుతుంది. “వాయిదా ఎక్కువ పెంచవద్దు, గడువు పెంచండి” అని మరి పదేండ్లు చేర్పించుకొంటే 7 లక్షల 60 వేలు అదనముగా పోతవి. పైగా 60 ఏండ్లకు రిటైరయ్యేవాడు పింఛనులోనుంచి వాయిదా కట్టవలసి వస్తుంది. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఉత్తరువు ప్రకారము, వాయిదా పెంచుకోవలెనా, గడువు పెంచుకోవలెనా, రెండూ కొంత కొంత పెంచుకోవలెనా అనే ఎంపిక అప్పు తీసుకొన్నవానిదే. వచ్చిన ఉత్తరము చదువక బల్ల మీద పడవేస్తే ఆ ఎంపిక ఎదుటివారు చేస్తారు. 2025 లో వలె రేటు తగ్గినప్పుడు పాత వాయిదానే కట్టుకొంటూ గడువు తగ్గించుకొనుట మేలు.

ఇక మాకు తోచిన నాలుగు జాగ్రత్తలు మనవి చేస్తాము.

మొదటిది: చేవ్రాలుకు ముందు “మొత్తమెంత?” అని అడగండి. 2024 అక్టోబరు 1 నుంచి ఇట్టి కొత్త అప్పులకు ముఖ్య వివరముల పత్రము ఇవ్వవలెనని నియమము. ఖర్చులన్నీ కలిపిన సాలు శాతము, వాయిదాల పట్టిక అందులో ఉండవలెను. అది మనకు అర్థమయ్యే భాషలో ఉండవలెనని కూడ ఉన్నది. తమిళమో ఇంగ్లీషో రాదని సిగ్గుపడి తలవూపవద్దు.

రెండవది: అప్పు కాగితములో కనబడని ఖర్చులు ముందే కూడుకోండి. తమిళనాడులో విక్రయ పత్రమునకు స్టాంపు సుంకము 7 శాతము, 2023 నుంచి రిజిస్ట్రేషను రుసుము 2 శాతము. 10 లక్షలకు ఇదే 90 వేలు. ఇంటి పన్ను, మరమ్మతులు వేరు.

మూడవది: చేతికి అదనపు సొమ్ము వస్తే ముందుగా కట్టండి, తొందరగా కట్టండి. మొదట చెప్పిన 20 ఏండ్ల అప్పులో తొలి ఏడు చివర 50 వేలు కడితే సుమారు 26 వాయిదాలు తగ్గుతవి, నికరముగా 1 లక్ష 78 వేల వడ్డీ మిగులుతుంది. అదే 50 వేలు 15 ఏండ్ల తరువాత కడితే మిగిలేది 24 వేలు మాత్రమే. మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకొన్న ఇంటి అప్పును ముందుగా తీర్చితే జరిమానా వసూలు చేయరాదని 2012 లోనే రిజర్వు బ్యాంకు బ్యాంకులకు చెప్పినది.

నాలుగవది మా సోదరీమణులకు. చాలమంది ఇండ్లలో భార్య కూడ సహ ఋణస్థురాలుగా చేవ్రాలు చేస్తుంది. ఆ చేవ్రాలుకు సగము బాధ్యత కాదు, మొత్తము బాధ్యత. భర్తకు ఏదైనా జరిగితే ఆ పత్రము ఆమె ముందుకే వస్తుంది. కనుక పట్టికను ఆమె కూడ చదువవలెను, బాకీ ఎంత నిలిచినదో ఏటేటా ఆమెకు తెలియవలెను. అప్పు పూర్తిగా తీరిన తరువాత 30 రోజులలో అసలు దస్తావేజులు తిరిగి ఇవ్వవలెను. వారి వలన ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు పరిహారము అని 2023 నాటి ఉత్తరువు. ఇది కూడ ఇంటిల్లిపాది గుర్తుంచుకోదగినది.

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు. ఆ సామెత పుట్టిన నాటికి నెల వాయిదాలు లేవు. ఈనాడు ఇల్లు కట్టిన తరువాత ఇరువది ఏండ్లు చూస్తూనే ఉండవలెను. మన సంఘములో ఎవరైనా అట్టి పత్రము మీద చేవ్రాలు చేయబోయే ముందు, ఏ ఆదివారమైనా మా వద్దకు తీసుకొనిరండి. పెన్సిలు, కాగితము, ఒక గంట కాలము మావి. కలిసి కూడుదాము.

 కొత్త సంవత్సరములో మీ అందరి ఇండ్లలో ఆదాయము వ్యయమును మించవలెనని కోరుతూ సెలవు తీసుకొంటున్నాము.