ఫిల్ము మీద మెదక్ చర్చి
(నార్కట్‌పల్లి విశ్రాంత ఉద్యోగుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



చారిత్రక చర్చిల నిర్మాణ సౌందర్యాన్ని ఫిల్ము మీద ఎలా చూడాలన్నది నాకిచ్చిన అంశం. మన తెలంగాణలో చర్చి కట్టడమనగానే ముందు గుర్తుకు వచ్చేది మెదక్. 1914లో రెవరెండ్ చార్లెస్ వాకర్ పాస్నెట్ ఆ పని మొదలుపెట్టించారు. కరువుతో అల్లాడుతున్న జనానికి అదే కూలి, అదే తిండి అయింది. 1924 డిసెంబరు 25న ప్రతిష్ఠ జరిగింది. శిఖరం ఎత్తు 175 అడుగులు.

అంకెలు సరే, అసలు అందం రంగుటద్దాల కిటికీలలో ఉంది. క్రీస్తు ఆరోహణం 1927లో, జననం 1947లో, శిలువ ఘట్టం 1958లో అమర్చారు. మూడూ ఇంగ్లండు చిత్రకారుడు ఫ్రాంక్ సాలిస్‌బరీ రూపకల్పనే. బయట ఎండ ఉంటేనే ఆ బొమ్మలకు ప్రాణం. చీకటి పడితే లోపల ఎన్ని దీపాలు పెట్టినా కనబడవు.

కెమెరాకు ఇక్కడే చిక్కు. హాలుకు సరిపడా వెలుతురు తీసుకుంటే కిటికీ తెల్లగా తేలిపోతుంది. కిటికీకి సరిపెడితే స్తంభాలు చీకట్లో కలిసిపోతాయి. ఫ్లాష్ వేస్తే రంగులు చచ్చిపోతాయి. స్టాండు మీద కెమెరా నిలిపి, రెంటినీ విడివిడిగా తీయడమే మార్గం. 36 ఫోటోల రీలు కడిగిస్తేగాని ఫలితం తెలియని రోజుల్లో అది ఖర్చుతో కూడిన పని.

ఫ్రాన్సు ప్రభుత్వం 1851లోనే ఐదుగురు ఫోటోగ్రాఫర్లను పురాతన కట్టడాల మీదికి పంపింది. వారిలో ఆన్రీ లె సెక్ రీమ్స్ వంటి మహాచర్చిలను తీశాడు. ఆ నెగెటివులను అచ్చు వేయకుండా భద్రపరచి ఊరుకున్నారు. (ఆఫీసు అంటే ఎక్కడైనా ఆఫీసే!) మెదక్‌లో పని మొదలైన ఆ 1914లోనే, సెప్టెంబరులో, ఫిరంగి గుళ్లకు రీమ్స్ చర్చి తగలబడింది. శిల్పాలు పగిలిపోయాయి. పాత ఫోటోల విలువ అప్పుడు తెలిసింది.

మన ఇళ్లలోనూ ఇటువంటి రికార్డు ఉంది. మెదక్ వెళ్లినప్పుడు మెట్ల మీద తీయించుకున్న గ్రూపు ఫోటోలు, పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం, చెరువుగట్టు జాతర. వెనుక ఊరు లేదు, సంవత్సరం లేదు. మనం పోతే పిల్లలకు ఏమర్థమవుతుంది? పాత సామాన్లవాడికి వేస్తారు. ఇండెక్సు లేని రికార్డు గతి మనకు తెలియనిదా!

కనుక వచ్చే సమావేశానికి ఆల్బములు, నెగెటివులు తీసుకురండి. ఎవరు, ఎక్కడ, ఏ సంవత్సరం అన్నది అక్కడే కూర్చుని రాద్దాం. బాల్‌పెన్ను వద్దు, అచ్చు ముందువైపు పడుతుంది. మెత్తటి పెన్సిళ్లు నేను తెస్తాను.