బస్తరు సీమలో నామకరణము
(ఉపన్యాస పాఠము)



తెలుగువారి యిండ్లలో బారసాలనాడు పళ్ళెములోని బియ్యముపై తండ్రి బిడ్డ పేరు వ్రాయును. చెవిలో ముమ్మారు పలుకును. ఆ బిడ్డకు మరియొక నామకరణము కూడ కలదు. అది ప్రభుత్వ రిజిస్టరులో జరుగును. మొదటిదానిని కన్నవారు చేయుదురు. రెండవదానిని గుమాస్తా చేయును. ఈ రెండింటికి నడుమ ఎంత దూరము ఏర్పడగలదో గ్రహించుటకు బస్తరు సీమ తగిన తావు.

బస్తరునకును తెలుగునకును గల సంబంధము నేటిది కాదు. బార్సూరులో క్రీ. శ. 1060 నాటి తెలుగు శాసనము కలదు. ఛిందక నాగ ప్రభువైన జగదేకభూషణ ధారావర్షుని సామంతుడు చంద్రాదిత్యుడు అచట శివాలయమును కట్టించి, చెరువును త్రవ్వించి, రెండింటికిని తన పేరే నిలిపెను. 1323లో ఓరుగల్లు పడిన పిమ్మట ప్రతాపరుద్రుని తమ్ముడు అన్నమదేవుడు వచ్చి యిచట రాజ్యము స్థాపించెనని బస్తరు రాజవంశమువారి ఐతిహ్యము. అన్నమ యనునది తెలుగు చెవికి పరిచితమైన పేరు. తరువాతి తరములలో దిక్పాలదేవుడు, దళపతిదేవుడు, భైరమదేవుడు అను పేర్లు వచ్చినవి. 1921 వరకు ఏలిన రాజు పేరు రుద్రప్రతాపదేవుడు. ప్రతాపరుద్రుని పేరులోని రెండు మాటలే తారుమారై, దాదాపు ఆరువందల యేండ్లకు జగదల్పూరు కోటలో మరల వినబడినవి.

రాజుల పేర్లు పురాణములనుండి రాగా, ప్రజల పేర్లు పంచాంగమునుండి వచ్చినవి. ఆదివారము పుట్టినవాడు ఐతు, సోమవారము పుట్టినవాడు సోమారు, మంగళవారపువాడు మంగ్రు, బుధవారపువాడు బుద్రు, శుక్రవారపువాడు సుక్రు. ఆడుబిడ్డలైనచో సోమారి, మంగ్లి, బుద్రి, సుక్రి. చైత్రమున పుట్టినవాడు చైతు, ఫాల్గుణమున పుట్టినవాడు ఫాగు, దసరా దినములలో పుట్టినవాడు దస్రు. కొత్తవలస నుండి కిరండూలు పోవు రైలుమార్గములోని అరకులోయ పల్లెలలోను ఇట్టి వారముల పేర్లు వినబడును. సముద్రముల కావలనున్న ఘానా దేశమున అకాన్ జాతివారిదియు ఇదే సంప్రదాయము. శనివారము పుట్టినవాడు క్వామే, శుక్రవారము పుట్టినవాడు కోఫీ. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన కోఫీ అన్నన్ 1938 ఏప్రిలు 8వ తేదీన, శుక్రవారమునాడే జన్మించెను. ఆ పేరును సభ్యసమాజము గౌరవముతో పలికినది. సుక్రు అను పేరు అర్థమునందు దానికి సాటియే. కాని వినువారు దానిని మొరటు పేరని తలంతురు.

మొరటుగా తోచు పేర్లలో తల్లుల దుఃఖము దాగియుండుట కలదు. పుట్టిన బిడ్డలు నిలువని యింట తెలుగువారు శిశువును పెంటకుప్పపై నుంచి పెంటయ్య యనియు, విస్తరాకుపై దొర్లించి పుల్లయ్య యనియు, భిక్షమెత్తి భిక్షమయ్య యనియు పేరు పెట్టిరి. ఛత్తీస్‌గఢీ భాషలో బిసాహు అనగా కొనబడినవాడు. ఈ బిడ్డ మాది కాదు, విలువలేనిది, దీనిపై కన్ను వేయకుమని మృత్యువును ఏమార్చుటకై కల్పించిన ఉపాయమిది. భాషలు వేరైనను భయ మొక్కటియే, ప్రేమయు నొక్కటియే.

మురియా యువతీయువకులకు ఘోటులు అను యువజన మందిరములో మరియొక పేరు వచ్చును. సిర్దారు, కొత్వారు, బెలోసా, దులోసా మున్నగు ఆ పేర్లను తల్లిదండ్రులు గాక తోడివారు ఇత్తురు. అచట ఇంటిలోని పేరుతో పిలువరాదు. 1947లో ప్రచురించిన తన గ్రంథమున వెరియర్ ఎల్విన్ ఈ ఆచారమును విపులముగా వర్ణించెను. రిజిస్టరులో మాత్రము ఒక్క పేరునకే చోటు కలదు.

ఇక ఇంటిపేరు. తెలుగువారికి అది ముందు వచ్చును. దక్షిణ బస్తరులోని గోండు, కోయ కుటుంబములలోను తెగపేరు ముందు చెప్పుట పరిపాటి. కొంటా నుండి శాసనసభకు పలుమారులు ఎన్నికైన కవాసి లఖ్మా పేరులో కవాసి తెగపేరు. ఆదిలాబాదు గోండు వీరుడు కొమరం భీము పేరును అట్టిదే. దంతెవాడ నాయకుడు మహేంద్ర కర్మ పేరులో మాత్రము తెగపేరు వెనుకకు పోయినది. బర్మాదేశీయుడైన ఊ థాంటునకు ఇంటిపేరే లేదు. ఊ అనునది గౌరవ వాచకము. పేరు ముందు, వంశము వెనుక అను నియమము ఫారములది, లోకమంతటిది కాదు.

ఫారములో తప్పు పడినచో జరుగు నష్టము చిన్నది కాదు. సోమారు పేరు బడిలో సోమనాథుడనియు, బుద్రి పేరు బుధవతి యనియు, చక్కదిద్దుదమను సదుద్దేశముతోనే, మార్చి వ్రాయుట కలదు. తండ్రి భూమి పట్టాలో ఒక రూపము, కుమారుని పత్రములో వేరొక రూపము ఉన్నచో వారిరువురు తండ్రీకొడుకులని రుజువు చేయవలసి వచ్చును. తెగపేరును వ్యక్తిపేరుగా వ్రాసినను అదే చిక్కు. కిరండూలు, బచేలీలలో పెరుగు తెలుగు బాలబాలికలకు కూడ, ఇంటిపేరు అసలు పేరై, అసలు పేరు తండ్రిపేరైనచో ఉద్యోగ సమయమున ఇక్కట్లు తప్పవు. జాతుల పేర్ల విషయమున ఇట్టి అక్షరభేదమును సరిదిద్దుటకు పార్లమెంటే పూనుకొనవలసి వచ్చినది. 2023లో ఛత్తీస్‌గఢ్ షెడ్యూల్డు తెగల పట్టికకు చేసిన సవరణలో భుయింయా, భుయ్యాన్, భుయాన్ అను రూపములను భారియా భూమియాకు పర్యాయములుగా చేర్చిరి. అంతవరకు ఒక్క అక్షరము తేడాచే ధ్రువపత్రము దొరకని కుటుంబములకు అది ఊరట.

కేంద్ర ప్రభుత్వోద్యోగులలో మస్టరు రోలు వ్రాయువారు కలరు, సర్వీసు పుస్తకము తెరచువారు కలరు, జనాభా లెక్కలకు ఇల్లిల్లు తిరుగువారు కలరు. ఎదుట నిలిచినవానిని, "అయ్యా, మీ యింట మిమ్ము ఏమని పిలుతురు? ఇందులో తెగపేరు ఏది?" అని అడుగుటకు అరనిమిషము చాలును. విన్నది విన్నట్లు వ్రాసి, వ్రాసినది చదివి వినిపించినచో, ఐతు ఐతుగానే పింఛను పొందును. బుద్రి కూతురు తల్లి పేరును మార్చుకొనకయే కళాశాలలో చేరును.