ఒకే బాయిలర్ – రెండు పనులు
(పింఛనుదారుల దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



మనలో చాలామంది పిల్లలు విదేశాల్లో ఉన్నారు. చలికాలంలో వారి దగ్గరకు వెళ్ళేవారికి పనికివస్తుందని నా అనుభవం క్లుప్తంగా మనవి చేస్తాను.

కిందటి శీతాకాలం మేమిద్దరం ఇంగ్లండులో మా అమ్మాయి ఇంట్లో మూడు నెలలున్నాం. అక్కడ వంటింటి గోడకు గ్యాసు బాయిలర్, గదిగదికీ ఇనుప రేడియేటర్ ఉన్నాయి. బాయిలర్‌లో కాగిన నీరు గొట్టాల ద్వారా రేడియేటర్లలో తిరిగి ఇల్లంతా వెచ్చబరుస్తుంది. స్నానానికి వేడినీళ్ళూ ఆ బాయిలర్ చలవే. అలమరాలో ఒక రాగి ట్యాంకు, దాని లోపల చుట్టలు చుట్టిన గొట్టం ఉంటాయి. బాయిలర్ నీరు ఆ గొట్టంలో తిరుగుతూ ట్యాంకులోని నీటిని వేడి చేస్తుంది. రెండు నీళ్ళూ ఎక్కడా కలవవు. కొన్ని ఇళ్ళలో ట్యాంకే ఉండదు. కుళాయి తిప్పితే బాయిలర్ అప్పటికప్పుడు కాచి ఇస్తుంది. ఆ కాసేపు రేడియేటర్లకు వేడి ఆగుతుంది.

వెళ్ళిన మూడోనాడు వేడినీళ్ళ కుళాయి ఒక్కటే తిప్పి చెయ్యి పెట్టాను. బొబ్బలెక్కింది. మంట తెలిసింది గనక చెయ్యి వెనక్కు లాక్కున్నాను. మా ఆవిడకు చాలా ఏళ్ళుగా షుగరు. పాదాలకు స్పర్శ తక్కువ. అదే ఆమె పాదమైతే? ఆ ఆలోచనకే ఒళ్ళు జలదరించింది.

"ట్యాంకు వేడి తగ్గించకూడదా అల్లుడుగారూ?" అని అడిగాను.

"వద్దు మామయ్యగారూ. ట్యాంకులో 60 డిగ్రీలుండాలి. గోరువెచ్చగా నిలవుంటే లెజియోనెల్లా అనే సూక్ష్మజీవి పెరుగుతుంది. దానివల్ల న్యుమోనియా వస్తుంది. పెద్దవాళ్ళకు మరీ ప్రమాదం" అన్నారు. తగ్గించవలసింది ట్యాంకు దగ్గర కాదు, కుళాయి దగ్గర. ఆ వారంలోనే వేడినీళ్ళు, చన్నీళ్ళు కలిపి 45 డిగ్రీల లోపు వదిలే వాల్వు పెట్టించారు.

ఇక్కడ గీజరు, సోలారు హీటరు ఉన్నవారికీ నా మనవి ఇదే. బకెట్లో ముందు చన్నీళ్ళు, తర్వాత వేడినీళ్ళు పట్టండి. మోచేత్తో వేడి చూసుకోండి. షుగరున్నవారు ఇంట్లో మరొకరిచేత చూపించుకోండి.

గ్యాసు విషయం మరొక్క మాట. గ్యాసు సరిగా మండకపోతే కార్బన్ మోనాక్సైడు పుడుతుంది. దానికి రంగు లేదు, వాసన లేదు, ప్రాణం తీస్తుంది. అందుకే మా అమ్మాయివాళ్ళు బాయిలర్‌కు ఏటా సర్వీసింగు చేయిస్తారు, ఆ వాయువును పసిగట్టే అలారం పెట్టుకున్నారు. మనం కూడా గాలి ఆడని స్నానాల గదిలో గ్యాసు గీజరు పెట్టించుకోవద్దు.