గుళికలు చల్లే ముందు

తొలకరికి మడిలో పసుపుపచ్చగా మెరిసే బోదురుకప్పలను మీరంతా చూసినవాళ్లే. అవి పోతులు. ఎండాకాలమంతా గట్టు మట్టిలో తిండి లేకుండా పడుకుని, వాన పడగానే లేచి జతకడతాయి. గుడ్లు మన మడి నీళ్లలోనే పెడతాయి. తోకకప్పలకు కాళ్లొచ్చి గట్టెక్కడానికి వారాలు పడుతుంది. సరిగ్గా అప్పుడే మనం గుళికలు చల్లుతాం. కప్ప చర్మంతోనే నీరు పీలుస్తుంది, మందూ అలాగే ఒంట్లోకి పోతుంది. నేనూ చల్లినవాణ్ణే. మర్నాడు తోకకప్పలు తెల్లగా తేలాయి.

కప్ప రెక్కల పురుగును, మిడతను, పీత పిల్లను, కదిలేదాన్నల్లా మింగుతుంది. వానపామునూ వదలదు, అదీ నిజమే. కాళ్ల కోసం కప్పలను పట్టి విదేశాలకు అమ్మేవాళ్లు. 1987లో ప్రభుత్వం ఆ ఎగుమతి ఆపింది. గుళికలను ఆపేదెవరు? ఈ ఖరీఫ్‌లో పురుగు కనబడకముందే గుళికలు చల్లనివాళ్లు ఎందరో, చేతులెత్తండి.