కోర్టు పిలిస్తే తలుపు మూసుకోవద్దు



పండుగ పూట అప్పుల మాట ఎందుకని అనుకోకండి. కోదాడ, హుజూర్‌నగర్, మిర్యాలగూడ చుట్టుపక్కల తండాల పిల్లలం చదువుకుని ఉద్యోగాల్లో చేరుతున్నాం. రెండు నెలలు జీతం పడగానే ఫోన్‌లోనే పర్సనల్ లోన్ ఇస్తామంటున్నారు. చెల్లి పెళ్లికో, నాయన ఆపరేషన్‌కో తీసుకుంటున్నాం. ఉద్యోగం పోతే కిస్తీలు ఆగిపోతాయి. ఆ తర్వాత సంగతి మనకెవరూ చెప్పరు.

మనలో ఒక తమ్ముడికి కోర్టు సమన్లు వచ్చాయి. భయపడి తీసుకోలేదు. కొన్నాళ్లకు జీతం జప్తు ఉత్తర్వు నేరుగా ఆఫీసుకే వచ్చింది. తను లేకుండానే తీర్పు అయిపోయిందని అప్పుడు తెలిసింది.

తండాలో నాయక్, కారోబారి పంచాయితీ పెడితే, రానివాళ్ల కోసం మళ్లీ మనిషిని పంపుతారు. కోర్టు అలా కాదు. సమన్లు వద్దని తిప్పి పంపినా అందినట్టే లెక్క. మనం వెళ్లకపోతే బ్యాంకు మాట ఒక్కటే విని డిక్రీ ఇవ్వవచ్చు. దాన్ని ఎక్స్ పార్టీ డిక్రీ అంటారు. సరైన కారణం ఉంటే 30 రోజుల్లో రద్దు కోరవచ్చు. సమన్లు నిజంగా అందకపోతే, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి ఆ 30 రోజులు లెక్కిస్తారు. చేతులారా తిప్పి పంపినవాళ్లకు ఆ దారి కష్టం.

లాయర్ నోటీసు వేరు, కోర్టు సమన్లు వేరు. సమన్ల మీద కోర్టు ముద్ర, దావా నంబరు, వాయిదా తేదీ ఉంటాయి. ఈ-కోర్ట్స్ యాప్‌లో ఆ నంబరు కొట్టి చూసుకోవచ్చు. సమన్లు అందిన 30 రోజుల్లో జవాబు దావా వేయాలి. కారణం చూపితే 90 రోజుల దాకా గడువు ఇవ్వవచ్చు. సమ్మరీ దావా అయితే 10 రోజుల్లోనే హాజరు కావాలి. 20 లక్షలు, ఆపైన బాకీ అయితే కేసు డెట్ రికవరీ ట్రిబ్యునల్‌కు పోతుంది.

జవాబులో ఏం చెప్పాలి? కట్టిన కిస్తీలన్నీ లెక్కలో చూపారా, వడ్డీ, పెనాల్టీ ఒప్పందం ప్రకారమే వేశారా, మూడేళ్ల కాలపరిమితి దాటిందా అన్నవి చూడాలి. బాకీ నిజమైతే ఒప్పుకుని, వాయిదాల్లో కడతామని అడగవచ్చు. లోక్ అదాలత్‌లో రాజీ పడవచ్చు. అక్కడి అవార్డు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. కాబట్టి కట్టగలిగినంతకే సంతకం పెట్టాలి.

అప్పు తీర్చలేకపోవడం నేరం కాదు. కట్టే స్తోమత లేనివాళ్లను డిక్రీ బాకీకి జైల్లో పెట్టకూడదని 1980లో జాలీ జార్జ్ వర్గీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. డబ్బుండీ దాచుకునేవాళ్ల సంగతి వేరు. చెక్ బౌన్స్ కేసు కూడా వేరు, దాన్ని తేలిగ్గా తీసుకోవద్దు. జీతంలో మొదటి వెయ్యి, మిగిలినదాంట్లో మూడింట రెండు వంతులు జప్తుకు అందవు. వంటపాత్రలు, రైతు సేద్యపు పనిముట్లు, ఎడ్లు కూడా అంతే.

లాయర్‌కు డబ్బులెక్కడివని ఆగిపోవద్దు. 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం కింద ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్‌ను ఇస్తారు. కులధ్రువీకరణ పత్రం, సమన్లు పట్టుకుని కోర్టులోని న్యాయసేవా కమిటీ దగ్గరికి వెళ్లండి. 15100కు ఫోన్ చేసినా దారి చెబుతారు.

సిగ్గుపడి ఇంట్లో కూర్చోవద్దు. ఒక్కరికి సమన్లు వస్తే మనలో ఇద్దరం తోడు వెళ్దాం. జై సేవాలాల్.